జములమ్మ అడిగిన మాట

గద్వాల,
ఫసలీ 1347 (ఇంగ్లీషు లెక్కన 1938), భాద్రపదం.

మేనత్త బుజ్జమ్మకు, ఎవరి కాళ్లకూ మొక్కొద్దని ఊరూరా తిరిగి చెప్పే నీ అల్లుడు నీ కాళ్లకు మొక్కి రాస్తున్నది. ఇక్కడ క్షేమం. అందరం క్షేమమని రాయబోయి ఆగాను. నీ బిడ్డ జములమ్మ పోయి మూడు నెలలాయె, ఈ ఇంట్లో ఇప్పుడు నేనొక్కణ్ణే. నీ మోకాళ్ల నొప్పులు తగ్గాయా? మీ గట్టు ఊళ్లో వాన పడిందా, ఈసారి కూడా జొన్న ఎండుతున్నదా?

యేసయ్య చేత రాయించిన నీ ఉత్తరం అందింది. బామ్మర్దీ యేసయ్యా, ఇది మీ అమ్మకు చదివి వినిపించేది కూడా నువ్వే కదా. ఎక్కడా మింగకుండా చదువు. నా మీద జాలిపడి ఒక్క ముక్క దాచినా నీకూ నాకూ మాటల్లేవు.

అత్తా, "ఎవలీ బుద్ధుడు? దేవుడా, మనిషా? ఆయన మాట పట్టుకొని నా బిడ్డ పోయిన మూడోనాడు పిట్టకు పెట్టనియ్యకపోతివి" అని అడిగావు. మనిషే. రెండున్నర వేల ఏండ్ల కింద శాక్యుల ఇంట పుట్టాడు. ముసలితనం, రోగం, చావు చూసి ఇల్లు విడిచాడు. ఒళ్లు ఎండగట్టుకుంటే ఏమీ తెలియదని తెలుసుకుని, తిండి తిని, ఒక రావిచెట్టు కింద కూర్చుని ఆలోచించాడు. చెప్పింది నాలుగు మాటలు. దుఃఖం ఉన్నది. అది ఊరికే రాదు, నాది నాది అని ఆశతో పట్టుకు వేలాడితే వస్తుంది. దాన్ని ఆర్పవచ్చు. ఆర్పడానికి ఒక దారి ఉన్నది: చూపు, తలపు, మాట, పని, బతుకుతెరువు, అన్నీ నేరుగా ఉంచుకోవడం. యజ్ఞం లేదు, బలి లేదు. పుట్టుకతో ఎవడూ ఎక్కువా కాదు, తక్కువా కాదు, చేసే పనిని బట్టే అన్నాడు.

నేను పట్టుకున్నది ఆ చివరి మాట. బాయి కాడ కడవ కింద పెట్టి, ఎవరో దయతలచి పైనుంచి పోసే నీళ్ల కోసం పొద్దెక్కేదాకా నువ్వు నిలబడటం చూసినవాణ్ణి. పట్నంలో మనవాళ్ల సభలో ఆ మాట విన్ననాడు నా ఒళ్లు మండింది. ఇన్ని వందల ఏండ్లు దీన్ని మన చెవిన పడకుండా దాచిందెవరు? ఆ మంట ఇప్పటికీ ఆరలేదు. కోపాన్ని కూడా విడవమన్నాడాయన. అది మాత్రం నేను నేర్వలేదు.

యేసయ్య కింద తన ముక్క ఒకటి తగిలించాడు: "బావా, లంకల ఒక తీరు బుద్ధుడు, జపాన్ల ఒక తీరు బుద్ధుడట గద. మా కిరస్తానంల కొట్లాటలున్నయని నవ్వుతివి. మరి మీ దాంట్ల?" ఉన్నాయి బామ్మర్దీ. ఆయన పోయాక శిష్యులు నియమాల మీద వాదులాడుకుని చీలిపోయారు. లంక, బర్మా వాళ్లది పెద్దల దారి. బుద్ధుడు తోవ చూపాడు, ఎవడి కాళ్లతో వాడు నడవాలి అంటారు. చీనా, జపాన్‌లది మహాయానం. టిబెట్టు లామాలు దానికి మంత్రాలు కూడా కలిపారు. మహాయానంలో బోధిసత్త్వులుంటారు. తాము దుఃఖం దాటిపోగలిగి కూడా, వెనక ఏడ్చేవాళ్లున్నారని ఆగిపోయేవాళ్లు. "తరిమిన దేవుళ్లను మళ్లీ తెచ్చి కూర్చోబెట్టారు" అని సభల్లో నేను వెక్కిరించింది వీళ్లనే.

ఇక దాచింది చెప్పాలి. జములమ్మ నిద్రలో నిమ్మళంగా పోయిందని నీకు రాశాను. అబద్ధం.

పోవడానికి రెండు రోజుల ముందు, మిట్టమధ్యాహ్నం, జ్వరం కొంచెం దిగింది. తడిగుడ్డతో నుదురు తుడుస్తున్నాను. అమ్మవారు పోసి పోయిన మా పిల్లగాణ్ణి తలచుకుంది.

"ఇగో, నేను సచ్చిపోతె పిల్లగాడు ఆడ నాకు కనవడ్తడా?"

"ఆడ అనేది ఏం లేదే. ఆత్మ లేదు. దీపం ఆరితే యాడికి పోయిందని అడుగుతమా?"

"గది మీటింగుల చెప్పే మాట. నేను మీటింగుకొచ్చిన్నా? నాకు జర వేరే చెప్పు."

నేనేం చేశాను? వాదించాను. అత్తా, పోబోయే మనిషితో వాదించాను. మనిషంటే ఒళ్లు, తెలివి, తలపులు కలిపి కట్టిన మూట, మూట విప్పితే లోపల ఎవరూ ఉండరు అని వేళ్లు మడిచి మరీ చెప్పాను. అంతా విన్నది.

"సరే తియ్యి. నువ్వే గెల్సినవ్."

గోడవైపు తిరిగింది. మళ్లీ నాతో మాట్లాడలేదు.

మొన్న పుస్తకంలో ఒక సంగతి చదివాను. ఒక సన్న్యాసి వచ్చి "ఆత్మ ఉన్నదా?" అంటే బుద్ధుడు పలకలేదు. "అయితే లేదా?" అన్నా పలకలేదు. అతను వెళ్లాక, ఎందుకు పలకలేదని ఆనందుడనే శిష్యుడు అడిగితే, లేదని చెబితే అసలే బెదిరి ఉన్న మనిషి ఇంకా బెదిరిపోయేవాడు అన్నాడట. ఆయన నోరు మూసుకున్న చోట నేను నోరు తెరిచాను, ఆయన పేరే చెప్పి.

మూడోనాడు నువ్వు పిట్టకు అన్నం పెట్టబోతే విస్తరి లాక్కున్నది బుద్ధుడి కోసం కాదు. ఆ ముద్ద ఆమెకు చేరుతుందంటే ఆమె ఎక్కడో ఉన్నట్టు. ఉంటే నన్ను చూస్తున్నట్టు. దానికి భయపడ్డాను.

పోయినవాళ్లకు పెట్టుకునే పెత్రమాస వస్తున్నది, బిడ్డ పేరున పెట్టుకోనా అని అడిగావు. కన్నతల్లి నన్నడగాల్సి వచ్చింది, ఛీ! పెట్టుకో. నేనూ వస్తాను. నమ్మి కాదు, ఆ పొద్దు నీ పక్కన కూర్చోవడానికి. ఊరి బయట వాగు కాడ ఆగుతాను. ఇదంతా విన్నాక కూడా నా మొఖం చూడగలననుకుంటే యేసయ్యను పంపు. పంపకపోతే తిరిగిపోతాను, ఎందుకని అడగను.

నువ్వడిగినవాటిలో ఇంకా రెండు మిగిలాయి. "నా బిడ్డ యాడున్నది అల్లుడా?" అన్నావు. తెల్వదత్తా. ఎవరికీ తెల్వదు.

"నీ ఇంటికొచ్చినంక అది ఏం ఇష్టంగ తింటుండె? గదే వండి పెడ్త" అన్నావు. మూడు రోజులు కూర్చుని ఆలోచించాను. పదహారేండ్లు నాకు వడ్డించి, నేను తిని లేచాకే తాను తినేది. ఆ వేళకు నేను అరుగు మీద ఎవరితోనో వాదిస్తూ ఉండేవాణ్ణి. అదీ తెల్వదు.

ఇట్లు,
నువ్వింకా ఒప్పుకుంటే నీ అల్లుడు,
బుచ్చన్న