ఆదివారం కదిలిన పలకరాళ్లు

ఆదివారం, రాత్రి

రేపు హైకోర్టులో రెవెన్యూ అధికారుల మీద నేను వేసిన కోర్టు ధిక్కారం కేసు వాయిదా. నా కంది చేనికి పోయే దారిలో క్వారీవాళ్లు గుట్టగా పోసిన పనికిరాని పలకరాళ్లను తీయించమని కోర్టు వాళ్లకు చెప్పి ఏడాది దాటింది. ఒక్క రాయి కదల్లేదు. అలాంటిది ఈరోజు, సెలవుపూట, మా వీఆర్వో జేసీబీతో దిగాడు. ఆ జేసీబీ కూడా క్వారీదే.

రాళ్లను దారికి రెండు పక్కలా నెట్టారంతే. వాయిదా అయిపోయాక మళ్లీ లోపలికి నెట్టడానికి అరగంట చాలు.

"అక్కా, దారి తీసేసినాం గదా. అదే రాసినాం, ఈడ సంతకం పెట్టు," అన్నాడు వీఆర్వో. ఇన్నేళ్లలో నన్ను అక్కా అనడం ఇదే మొదలు.

"రాళ్లు ఈడనే ఉండాయి గదయ్యా. ట్రాక్టరుకెత్తి పంపించినాక పెడతా," అన్నాను.

కోప్పడతాడనుకున్నాను. నవ్వాడు. "సరేలేక్కా, నీ ఇష్టం," అని ఫొటోలు తీసుకుని వెళ్లిపోయాడు. ఒక్కసారైనా బతిమాలలేదు. రేపు కోర్టులో కాగితం చూపించాల్సినవాడు అంత తేలిగ్గా ఎట్లా వదిలేశాడు?

సాయంత్రం నుంచి అదే తొలుస్తోంది. అన్నం ముందు కూర్చున్నాక గుర్తొచ్చింది. పోయిన నెల పంట నమోదుకని వచ్చి, ఫారాలు అయిపోయాయంటూ తెల్లకాగితం మీద నా సంతకం తీసుకుపోయింది ఈయనే. ఊళ్లో అందరిలాగే నేనూ పెట్టాను. పైన తర్వాత రాసుకుంటానన్నాడు.