ఎరగా రాసిన సీను

మాడ్రిడ్,
ఫిబ్రవరి, 1978

కాసిల్దా వదినా,

మీ చెల్లెలు రెమెదియోస్ పోయాక మీకు రాయడం ఇదే మొదలు. మీరూ రాయలేదు. ఇద్దరికీ కారణం ఒకటేననుకుంటాను.

మీ నాన్నగారి కథ మీద నేను రాసిన స్క్రిప్టు సినిమాగా వస్తోంది. బెర్మేహో అనే నిర్మాత కొన్నాడు. సంతకం పెట్టాను. జైల్లో ఉన్న ఆయనకని మీ అమ్మగారు ఉతికిన బట్టల మూట జైలు గుమ్మం దగ్గర ఇవ్వబోతే, కాపలావాడు "ఇక ఉతకక్కర్లేదమ్మా" అని తిప్పి పంపిన సీను, మీరు రెమెదియోస్‌కు చెప్పినట్టే ఉంది. ఆ రోజు ఆవిడ గౌను అంచు పట్టుకుని నిలబడ్డ పిల్ల మీరేనని ఎక్కడా రాయలేదు.

ఆ స్క్రిప్టు మొదట సెన్సారుకు పంపినప్పుడు అందులో ఒక ఎర పెట్టాం. అప్పట్లో రచయితలందరం చేసిన పనే. వాళ్ళు ఎలాగూ ఏదో ఒకటి కొట్టేస్తారు. కొట్టడానికే ఒక సీను రాసిపెడితే అసలుది బతుకుతుందని ఆశ. ఎరలు కల్పించడం రెమెదియోస్ వంతు. జైలు కెప్టెన్ ఉంచుకున్న మనిషి ఏట్లో స్నానం చేసే సీను టైపు చేస్తూ, "కుక్కకు బొమిక వెయ్యందే మనల్ని మాంసం తిననివ్వదయ్యా. ఇంకాస్త పెద్దది వేద్దాం" అని నవ్వింది. కుక్క రెండూ తినేసింది. స్క్రిప్టు మొత్తం ఆపేశారు.

ఆమె పోయిన నెలకే సెన్సారు ఎత్తేశారు. ఇప్పుడు ఎరతో పని లేదు. ఆ స్నానం తీసెయ్యమని బెర్మేహోకు చెప్పాను. తలూపాడు.

వేసవిలో మీ ఊళ్ళోనే చూడొచ్చు.

మీ మరిది,
ఫెర్మిన్


మాడ్రిడ్,
మే, 1978

వదినా,

మీ ఉత్తరం, మీ అమ్మగారి ఫోటో అందాయి. జుట్టు ఎలా దువ్వుకునేవారో నటికి చూపించమన్నారు. చూపించలేదు. అప్పటికే షూటింగ్ అయిపోయింది.

నిన్నగాక మొన్న సినిమా చూశాను. స్నానం ఉంది. కెప్టెన్ మనిషి లేదు. "ఇద్దరాడవాళ్ళెందుకు, ఒక్కదానికే డబ్బులిద్దాం" అనుకున్నాడట బెర్మేహో. జైలు నుంచి మూటతో వెనక్కి వచ్చిన ఆవిడే నేరుగా ఏటికి స్నానానికి వెళ్తుంది. కాపలావాడి మాట లేదు. పాట ఉంది.

"ఆవిడెవరో తెలుసా నీకు?" అన్నాను.

"పోస్టరు మీదుండే ఆవిడ. ఏడుపు చూడ్డానికి ఎవడొస్తాడు, ఫెర్మిన్ గారూ? స్వేచ్ఛ కావాలని గోల పెట్టింది మీరేగా?"

"ఆ ముక్క కొట్టెయ్యి."

"కొట్టేవాళ్ళు ఇంటికెళ్ళిపోయారు గురువుగారూ."

మర్నాడు పాత సెన్సారు ఆఫీసున్న మంత్రిత్వ శాఖకు వెళ్ళాను. ఒక్క మాటా కొట్టొద్దని సగం జీవితం బతిమాలిన గది అది. పాత అధికారి గుర్తుపట్టి కుర్చీ చూపించాడు. ఒక సీను కొట్టించాలన్నాను.

"మాకిప్పుడా అధికారం లేదండీ. మీకు సంతోషంగా ఉంటుందనుకున్నాను."

ఎగతాళికి అనలేదు.

సినిమాలోంచి నా పేరు తీయించేశాను. దానికి ఎవరూ అడ్డు చెప్పలేదు. ఇక రాయను. నాకు చేతనైంది దాచి చెప్పడం. దాచాల్సిన అవసరం పోయింది. ఏది ఎక్కడ దాచాలో చెప్పే మనిషీ పోయింది.

జూన్ మొదట్లో మీ ఊళ్ళో ఆడుతుంది. జైలు గుమ్మం చూడగానే అక్కడి పెద్దవాళ్ళు ఆవిడెవరో పోల్చుకుంటారు. ఆ వారం ఇక్కడికి వచ్చి ఉండండి. నాకు వంట రాదు. కింద హోటల్లో తిందాం. సినిమా గురించి నేనేమీ మాట్లాడను.

ఫెర్మిన్