పాట లేని ఆట

అక్టోబర్ 3
గరాజ్‌లో ఆ గేమ్ డిస్కుల డబ్బాలు తీసేయమని నేనన్నానా, మధు తనంతట తనే పారేశాడా? పన్నెండేళ్లుగా తేలలేదు. ఇప్పుడు అడుగుదామంటే ఆయనకి మాట లేదు. స్ట్రోక్ వచ్చి నాలుగు నెలలు. "ఆఁ"... అంతే.

అక్టోబర్ 5
చేతులకి అలవాటైన పని ఏదైనా ఇవ్వమంది థెరపిస్టు. నాకు తట్టింది ఆ పాత కార్ రేసు. పారేసే ముందు డిస్కులన్నీ కుదించి హార్డ్ డ్రైవ్‌లో దాచాడు. టాబ్లెట్‌లో పాత ఆటల్ని ఆడించే ఎమ్యులేటర్ ఆ ఫైళ్లు తెరవనంటోంది.

అక్టోబర్ 8
పిస్కాటవేలో ఉండే ఫ్రెండ్‌కి ఫోన్. ఫణి — ఎమ్మెస్‌లో మధు రూమ్మేట్.
"డైరెక్ట్‌గా అవ్వదు వదినా. ముందు ఫుల్ సైజుకి విప్పు, తర్వాత కొత్త ఫార్మాట్‌లోకి కన్వర్ట్ చెయ్. పాతది డిలీట్ చేసేవు!"
"డేటాబేస్‌లు చూసేదాన్ని. నాకు చెప్తున్నావా?"
"అందుకే భయం."
నవ్వాను. చాలా రోజులకి.

అక్టోబర్ 9
తెరుచుకుంది. ఇంజిన్ రొద, టైర్ల కీచు... ఆటలో వెనక వచ్చే పాట మాత్రం లేదు. నేనే పాడు చేశాననుకుని మొదటినుంచి మళ్లీ చేశాను. అంతే.
"నీ తప్పు కాదు వదినా. డిస్కులో పాటలు వేరే ట్రాకుల్లో ఉంటాయి. వాడు తొందరలో ఆట ఒక్కటే కాపీ చేశాడు."
ఎవరు తొందరపెట్టారని ఫణి అడగలేదు. నేనూ చెప్పలేదు.

అక్టోబర్ 12
కంట్రోలర్ చేతికిచ్చాను. కుడి బొటనవేలు సరిగా వంగదు. మొదటి మలుపులోనే కారు గోడకి. రెండోసారీ అంతే.
మూడోసారి — వంటింట్లోకి కూనిరాగం. పోపు మాడిపోయింది. ఆ లేని పాటని తనే పాడుకుంటున్నాడు. బొంగురు గొంతు. వరస తప్పలేదు.

అక్టోబర్ 15
థెరపిస్టుకి వీడియో చూపించాను. రాగం వెంట మాటలు రావచ్చట. ఆపొద్దంది.
నిన్న ఒక పదంలాంటిది వినిపించింది. నా భ్రమేమో.

అక్టోబర్ 17
ఫణి తన దగ్గరున్న అదే ఆట డిస్కు మొత్తం కాపీ చేసి పంపాడు. "పాటలన్నీ ఉన్నాయి వదినా. వాడు ఎగిరి గంతేస్తాడు చూడు."
కన్వర్ట్ చేశాను. టాబ్లెట్‌లోకి ఎక్కించలేదు.
అసలు పాట వినపడితే ఆయన పాడటం మానేస్తే? మానేస్తాడని దాచిపెట్టడానికి నేనెవరిని? అడిగితే "ఆఁ" అంటాడు. ఈ మధ్య దేనికైనా "ఆఁ" అనే అంటున్నాడు.
ఎక్కించాలో వద్దో... నాకు తెలియడం లేదు.