ఏడేళ్లు కట్టినా తరగని అసలు

తమ్ముడూ, ఆరోగ్యం వరకైతే ఇక్కడ అందరం కులాసానే.

ఇంటి అప్పు ఇంకెంత ఉందో కనుక్కుందామని నిన్న మీ బావా నేనూ బ్యాంకుకు వెళ్లాం. తీసుకున్నది ఇరవై లక్షలు, ఏడేళ్లలో కట్టింది పదిహేను. "అసలులో తీరింది మూడున్నరేనమ్మా, తక్కిందంతా వడ్డీకి పోయింది. ఇరవయ్యేళ్లూ కడితే మొత్తం నలభై మూడు లక్షలవుతుంది" అన్నాడు గుమాస్తా. పొద్దున మీ బావ గోడకు మేకు కొట్టబోయి, "ఇది మనదో వాళ్లదో" అని సుత్తి దించేశారు. ఇకనుంచి నా ఆదివారపు కుట్టుకూలి అంతా అసలుకే కడతాం.

నెల వాయిదా తక్కువని నువ్వు ఇంటి అప్పు ముప్పయ్యేళ్లకు తీసుకుంటున్నావట. మొత్తం ఎంతవుతుందో రాయించుకోకుండా సంతకం పెట్టకు. అమ్మ మోకాలు ఎలా ఉంది? మరదలికీ పిల్లలకూ నా దీవెనలు. నీకు మాత్రం, సంతకం ఆపానని జాబు రాశాకే.

మీ అక్క