సీటు గొట్టం మీద రెండు బొట్టుబిళ్లలు

మావా,

డ్యూటీకి వెళ్తున్నాను. చేపల పులుసు వేడి చేసుకో. ఎక్సర్‌సైజు సైకిలు ఎక్కే ముందు సీటు దించుకో. గొట్టానికి రెండు బొట్టుబిళ్లలు అంటించాను. కిందది నీది. మడమ పెడలు మీద పెట్టి కిందికంటా తొక్కితే నీ కాలు తిన్నగా సాగుతుంది, కొలత అదే. మర గట్టిగా బిగించు, లేకపోతే సీటుతో సహా కూలబడతావు.

పైబిళ్ల నాది. నీ సీటు కంటే నా సీటు పైకెందుకులే అని ఇన్నాళ్లూ నీ ఎత్తులోనే తొక్కి మోకాళ్ల నొప్పులు తెచ్చుకున్నాను. నిన్న ఆసుపత్రిలో మోకాళ్లకు కసరత్తు చేయించే దీదీ తిట్టాక సీటు లేపి తొక్కాను. హాయిగా ఉంది! పక్కింటి మేరీరాణి చూసి, "ఏటే, ఇంత పొడుగ్గున్నావేటి!" అంది. అవునన్నాను.

పెళ్లి ఫొటో తీసేటప్పుడు మా అమ్మ చెవిలో "ఆడి కంటే పొడుగ్గా అవుపడకే" అంటే, చీర మాటున మోకాళ్లు వంచి నిలబడ్డాను. ఇక వంచను.

జ్యోతి

మర్చిపోయాను. ఆదివారం భవానీపూర్‌లో స్టూడియోకి వెళ్లి కొత్త ఫొటో తీయించుకుందాం. నేను నిటారుగా నిలబడతాను. నువ్వు కూడా ఈసారి మడమలెత్తకు. అప్పుడు ఎత్తావని నాకు తెలుసు.