ఏడు గోల్సు

అల్లుడూ అప్పన్నా,

మలయాకి మెర్దేకా, అదే స్వాతంత్ర్యం, వచ్చింది, జెండా మారింది. నీకు కావలసిన కబురు అది కాదులే. మన రబ్బరు ఎస్టేటు ఫుట్‌బాల్ జట్టు కబురు చెబుతాను.

అన్నం గేటు దాటించకూడదన్న రోజుల్లో, ఆట మధ్యలో తిందామని నువ్వు చొక్కాలో దాచుకున్న ముద్దని చూపించి, అడవిలో కమ్యూనిస్టులకి మోస్తున్నావని నిన్ను పట్టించాడు కదా కిరాణి, ఆ ఆఫీసు గుమస్తా? నువ్వు నిర్బంధ క్యాంపులో జ్వరంతో పోయాక గోలు కాసే నీ చోటు వాడే తీసుకున్నాడు. దానికోసమే పట్టించాడని మన కూలీ లైన్లో అందరికీ తెలుసు.

ఈ సీజను మనం ఒక్క ఆటా గెలవలేదు. ఆడించే నేనే గెలవనివ్వలేదు. అన్నట్టు, దొర కప్పుకోసం ముందే అద్దాల బీరువా చేయించాడు. ఇప్పుడందులో ఆయన పిల్లి పడుకుంటోంది.

నిన్న ఆఖరాట. బంతి వచ్చినప్పుడల్లా మన బ్యాకులు మర్యాదగా పక్కకి తప్పుకున్నారు. ఏడో గోలుకి కిరాణి అరిచాడు.

"ఏటి ముసిలోడా ఇది? ఒక్కడైనా అడ్డం రమ్మను!"

"ఆ రోజు గేటు కాడ మా అప్పన్నకి ఎవుడడ్డమొచ్చినాడు బాబూ?" అన్నాను.

వాడు జెర్సీ విప్పి, అందరి ముందూ నేలమీద పడేసి వెళ్ళిపోయాడు.

ఓడినందుకు నువ్వుంటే నన్ను తిట్టిపోసేవాడివి. వచ్చే ఏడు గెలుస్తాంలేరా. గోలులో ఎవణ్ణి నిలబెట్టాలో మాత్రం నాకు తోచడం లేదు.

మీ మావ