నీలం డ్రమ్ములో అవకాడో

తెనాలి,
శుక్రవారం

చి.సౌ. కృష్ణవేణికి,

ఇక్కడ నేను బాగానే ఉన్నాను. బాపట్లలో నువ్వు, అమ్మాయి శ్రీజ, దాని పసివాడు కులాసాగా ఉన్నారని తలుస్తాను. ఫోన్లో నీకు మాట వినపడదు, మెసేజీల్లో అక్షరాలు ఆనవు. అందుకే మళ్లీ ఉత్తరం.

నడుము నొప్పి ఎలా ఉందని అడిగావు. తగ్గలేదు. దుగ్గిరాల యార్డులో పసుపు బస్తాల దగ్గర పొద్దస్తమానం నిలబడి వచ్చేసరికి మన మేడ మెట్లెక్కే ఓపిక ఉండటం లేదు. అన్నం వండుకుంటున్నానా అని కూడా అడిగావు. ఒక పూట వండుతున్నాను, రెండో పూట ఇడ్లీ బండి. పసివాడికి నీళ్లు నువ్వే పోస్తున్నావట, మోకాళ్లు జాగ్రత్త.

నువ్వు మొదట అడిగినదాన్ని చివరికి మిగిల్చాను. వరండాలో నీ అవకాడో చెట్టుకు పూత నిలిచిందని పోయిన ఉత్తరంలో రాశాను. అది అబద్ధం. అప్పటికే చెట్టు వాడిపోయింది.

డ్రమ్ము అడుగు రంధ్రాల్లోంచి మట్టినీళ్లు కారి కింద ఆరేసిన బట్టల మీద పడుతున్నాయని ఇంటి ఓనరు ప్రకాశరావు గారు గొడవ చేశారు. "ఏంటండీ ఇది, రోజూ ఇదే పనా?" అన్నారు. రంధ్రాలకు గుడ్డపేలికలు కుక్కాను. అమృతలూరులో ముప్పై ఏళ్లు వరి పండించినవాణ్ణి, మడికి పెట్టినట్టే నీళ్లు నిలబెట్టాను. ఆకులు వేలాడితే నీళ్లు చాలలేదనుకుని ఇంకా పోశాను. మొన్న మట్టి తీసి చూస్తే వేళ్లన్నీ నల్లగా కుళ్లిపోయి ఉన్నాయి.

కౌలు పొలం వదిలేసి ఇక్కడికొచ్చిన ఏడాది నువ్వు ఆ గింజ నాటావు. ఆరేళ్లకు మొదటిసారి పూసింది. ఆ చెట్టు లేకపోతే ఈ ఊళ్లో నీకు పొద్దుపోయేది కాదని నాకు తెలుసు. నా చేతులతో చంపాను, కృష్ణవేణీ. అబద్ధం రాసి పంపినప్పటి నుంచీ నాకు అన్నం సయించడం లేదు.

బస్సెక్కే ముందు నువ్వు నా చెయ్యి పట్టుకుని, "వేలు పెట్టి చూడండి, మట్టి పొడిగా ఉంటేనే పొయ్యండి" అన్నావు. సరేనని తలూపాను. ఒక్క మాట కూడా చెవికెక్కించుకోలేదు. నీకు వినపడదని నీతో మాట్లాడటం ఎప్పుడో తగ్గించాను. నువ్వు చెప్పేది వినడం కూడా మానేశానని ఇప్పుడు తెలిసింది.

చెట్టు పీకలేదు. పేలికలు మాత్రం తీసేశాను. వచ్చాక తిట్టు. ఎదురుగా కూర్చుని వింటాను.

ఇట్లు,
శ్రీజ నాన్న